సీతారామారావు తిథి

మా కోడలు హంతకుల కథలు చెబుతుంది. ఎవరైనా అడిగితే నీళ్ళు నమలకుండా నేను ఇలాగే చెప్తాను. మొగుడు ఆఫీసుకీ పిల్ల బడికీ వెళ్ళాక, సింగపూర్ సెంగ్‌కాంగ్‌లోని మా ఫ్లాట్‌లో బాంబు షెల్టర్ అనే గదిలో దూరి, ఇనుప తలుపు మూసుకుని, మైకు ముందు కూచుని అమెరికాలో ఎవడు ఎవర్ని ఎలా చంపాడో శుభ్రమైన తెలుగులో చెబుతుంది. ఈ ఊళ్ళో యుద్ధం వస్తే దాక్కోవడానికని ఇంటింటికీ మందపాటి గోడలతో ఒక గది కట్టి ఇస్తారు. యుద్ధం రాలేదు కాబట్టి జనం అందులో సామాన్లు పెట్టుకుంటారు. మనవాళ్ళు కొందరు దేవుణ్ణి పెట్టుకుంటారు. నేనూ దేవుడికే అడిగాను. "బియ్యం బస్తాలుంటే గొంతు మార్మోగదు అత్తయ్యా, స్టూడియోకి ఇంతకన్నా మంచి చోటు దొరకదు" అని గీతాంజలి దేవుణ్ణి టీవీ పక్క అరలోకి పంపించింది.

నెట్‌లో వచ్చే ఆ కార్యక్రమం పేరు "గురువారం గుబులు". వినేవాళ్ళు వేలల్లో ఉన్నారట. అందులో సగం మంది ఆడవాళ్ళేనట, వంట చేసుకుంటూ వింటారట. ఇక్కడ పోపు చిటపటలాడుతుంటే అక్కడ చెవిలో పీక తెగుతుంటుంది. సెలవు రోజుల్లో రికార్డింగ్ ఉంటే నేను పోపు వేయడానికి కూడా లేదు. "నానమ్మా, పోపు లేటర్ లా, మమ్మీ రికార్డింగ్!" అని మా మనవరాలు తన్మయి ఈ ఊరి యాసలో అరుస్తూ పరుగెత్తుకొస్తుంది.

మనవైపు చచ్చినవాడి కళ్ళు చారెడంటారు. మా కోడలి కథల్లో చంపినవాడి కళ్ళే చారెడు. వాడి చిన్నతనం, వాణ్ణి వాళ్ళమ్మ కొట్టిన దెబ్బలు, వాడి ట్రక్కు రంగు, అన్నీ చెబుతుంది. చచ్చినవాళ్ళు మాత్రం ఒకటోవాడు, రెండోవాడు అని అంకెలైపోతారు. ఒకసారి అడిగాను కూడా. "ఏం చెయ్యను అత్తయ్యా, దొరికేదంతా వాళ్ళ గురించే" అంది. అది నిజమే కావచ్చు. నాకు మాత్రం నచ్చలేదు.

పోయిన అక్టోబరులో ఒక కథ చెప్పింది. పాతికేళ్ళ కిందటి సంగతి. అమెరికాలో ఒకడు ట్రక్కు నడుపుకుంటూ, రోడ్డు పక్క మోటెళ్ళలో రాత్రి కౌంటరులో ఒంటరిగా కూచునే గుమస్తాలను ఎత్తుకుపోయి చంపేవాడు. వాడి పేరు నేను రాయను. పత్రికలవాళ్ళు వాడికో ముద్దుపేరు కూడా పెట్టారు, అదీ రాయను. వాడి చేతిలో పోయిన ఆరోవాడు మన తెలుగువాడు. ఆ మాట వచ్చేసరికి గీతాంజలి గొంతు తగ్గించి, "అది నవంబరు నెల. అమావాస్య రాత్రి. కన్ను పొడుచుకున్నా కానరాని చీకటి. కౌంటరు వెనక మన సీతారామారావు ఒక్కడే ఉన్నాడు" అని చెప్పింది.

పొద్దున లేస్తూనే తిథి చూసుకునే అలవాటు నాది. చెవి అక్కడే ఆగింది.

"అమావాస్యని నీకెలా తెలిసిందే?"

"తెలియడమేంటి అత్తయ్యా. భయం పుట్టాలి కదా, అందుకని వేశాను. ఎవరు పంచాంగం తీసి చూడొచ్చారు?"

నేను ఏదో సణిగి కూర తరుక్కున్నాను.

నెల తిరక్కుండానే ఫోనొచ్చింది. ఈశ్వరరావు అని, ఈ ఊళ్ళోనే యూ టీ పేటలో ఉంటారట, బ్యాంకులో పెద్ద ఉద్యోగం. మా అమ్మ మీ కోడల్ని కలవాలంటోంది, తీసుకురావచ్చా అని అడిగారు. అభిమానులు అప్పుడప్పుడూ వస్తుంటారు, ఫొటో దిగి పోతుంటారు. రమ్మన్నాను.

ఆ మధ్యాహ్నం జోరుగా వాన. తడిసిన గొడుగు గుమ్మం బయట ఆనించి లోపలికొచ్చింది ఆవిడ. డెబ్బై దాటి ఉంటాయి. నేత చీర, ట్రైన్‌లో చలికని పైన కొడుకు స్వెటర్. వెనక ఈశ్వరరావు, ఏభైకి దగ్గర పడ్డ మనిషి, తల్లి మోచెయ్యి పట్టుకుని ఉన్నాడు. గీతాంజలి నవ్వుతూ కాఫీ ట్రే తెచ్చింది.

"నా పేరు మంగతాయారమ్మా. సీతారామారావుగారి భార్యని" అందావిడ.

నేను లేచి గీతాంజలి చేతిలో ట్రే అందుకున్నాను.

"నువ్వు భయపడకు. తగువుకి రాలేదు. పక్క బ్లాకు అమ్మాయి తన ఫోన్లో వినిపించింది. మా ఆయన పేరు విని ఎంత కాలమైందో. ఒక్క సంగతి అడిగి పోదామని వచ్చాను" అని ఆవిడ స్వెటర్ చేతులు సర్దుకుంది. "ఆయన కనబడకుండా పోయింది కార్తీక బహుళ అష్టమి నాడు. మోటెల్‌వాళ్ళు తేదీ చెబితే మా మామగారు పంచాంగం చూసి కట్టారు. మనిషి దొరికింది ఎండాకాలంలో, అడవిలో. ఎప్పుడు పోయారో అక్కడి పోలీసులు చెప్పలేకపోయారు. పోనీ, పట్టుకుపోయిన రోజే పోయిన రోజనుకుని ఇన్నేళ్ళూ అష్టమికే తద్దినం పెడుతున్నాడు మావాడు. నువ్వేమో అమావాస్య అన్నావు."

గీతాంజలి నా వైపు చూసింది.

"అష్టమికీ అమావాస్యకీ మధ్య వారం ఉందమ్మా. ఆ వారం ఆయన ఎక్కడున్నారు? బతికే ఉన్నారా?"

లోకంలో ఇంకెవరు విన్నా అమావాస్య అంటే చీకటే అనుకుంటారు. ఈవిడ వేళ్ళ కణుపుల మీద లెక్క పెట్టుకుంది. మా కోడలు మూడ్ కోసం వేసిన ఒక్క మాటతో, పాతికేళ్ళ కింద పోయిన మనిషి వారం రోజుల పాటు ఆ హంతకుడి చేతిలో నలిగాడు. ఎప్పుడు విందో, అప్పట్నుంచీ ఆ వారమంతా ఈవిడ కళ్ళముందే జరుగుతోంది.

గీతాంజలి ఆవిడ కాళ్ళ దగ్గర కూలబడింది. "ఆంటీ, అమావాస్య నేను కల్పించింది. చీకటిగా ఉంటుందని... అంతే. నాకేం తెలీదు. సారీ ఆంటీ" అని ఏడ్చింది. ఒకటి ఒప్పుకోవాలి. సాకులు చెప్పలేదు పిల్ల.

"చూశావామ్మా? నేను చెప్తూనే ఉన్నాను కదా, ఆ రాత్రేనని" అన్నాడు ఈశ్వరరావు గబగబా.

మంగతాయారు కొడుకు వైపు తిరగలేదు. "వీడెప్పుడూ ఇదే మాట అంటాడు. గోడకేసి చూసి అంటాడు" అంది. తర్వాత గీతాంజలి గడ్డం పట్టుకుని పైకెత్తింది. "పోలీసులు అడిగితే ఆ చంపినవాడే అన్నీ చెప్పాడట కదా. అదంతా ఎక్కడో వినడానికి దొరుకుతుందటగా. నాకు ఇంగ్లీషు రాదు. నీకు ఇలాంటివాళ్ళ మాటలు విని అలవాటే. విని నాకు చెప్పు. ఎప్పుడు పోయారో అది చాలు. తద్దినం దగ్గర పడుతోంది. ఎన్నాళ్ళుంటానో నేను. తెలుసుకునే పోతాను."

అబద్ధం చెప్పిన పిల్లనే నమ్మి వెళ్ళింది ఆ మనిషి. ఆ సాయంత్రమే గీతాంజలి ఆ కథను నెట్ నుంచి తీసేసింది. తీసేస్తే ఏం, విన్నవాళ్ళ చెవుల్లోంచి తీయగలమా?

మర్నాడు షెల్టర్ గదిలోకి వెళ్ళి తలుపేసుకుంది. విచారణ గదిలో పోలీసులు తీసిన రికార్డింగు, కోర్టువాళ్ళు బయట పెట్టిందట, గంటలకొద్దీ ఉంది. మొదట కథ చెప్పేటప్పుడు అది పూర్తిగా వినలేదు, ఎవరో రాసిన వ్యాసాలు చదివి చెప్పేసింది. అన్నానికి పిలిస్తే రాలేదు. తలుపు తీసేసరికి పిల్ల బడి నుంచి వచ్చే వేళయింది. ముఖం పాలిపోయి ఉంది. ఒక తేదీ చెప్పింది. నేను ఫోన్లో పాత పంచాంగం తీసి చూశాను. అమెరికా వేళకు కట్టినా మన వేళకు కట్టినా ఒకటే.

దశమి.

"ఒక షెడ్డులో పెట్టాడు అత్తయ్యా. రెండు రోజులు. వాడు నవ్వుతూ చెప్తున్నాడు" అంది గీతాంజలి. ఇంకా ఏదో చెప్పబోతే వద్దన్నాను. ఇన్నేళ్ళుగా ఇన్ని హత్యలు నోరారా చెప్పిన పిల్ల ఆ రాత్రి అన్నం ముట్టలేదు. నాకు దాని మీద ఉన్న కోపం కాస్తా ఎటు పోయిందో పోయింది.

ఇప్పుడేం చెయ్యాలి? అమావాస్య ఉత్త కల్పన, అష్టమి రాత్రే అంతా అయిపోయింది అంటే ఆవిడ ప్రాణం కుదుటపడుతుంది. కానీ తిథి తప్పు. తప్పు తిథికి పెట్టింది పోయినవాడికి అందదని నమ్మే మనిషిని నేను. అందలేదని తెలిసీ ఊరుకోనా? దశమి అని చెబితే? ఆవిడకు ఎవరూ ఏమీ విప్పి చెప్పక్కర్లేదు. అష్టమి, నవమి, దశమి. అదే లెక్కేసుకుంటుంది. తిథి చెప్పడమూ ఆ రెండు రోజులూ చెప్పడమూ ఒకటే. కొరివితో తల గోక్కున్నట్టయింది మా పని.

అంతలో ఈశ్వరరావే వచ్చాడు, ఒక్కడూ. పైకి రానన్నాడు. మా బ్లాకు కింద సిమెంటు బల్ల దగ్గర కూచున్నాం ముగ్గురం.

"విన్నారా?" అని అడిగాడు గీతాంజలిని. తలూపింది.

"నాకు కేసు నడిచినప్పట్నుంచీ తెలుసు. అప్పటికి నేను చదువుకుంటున్నాను. తాతయ్యకీ చెప్పలేదు, అమ్మకీ చెప్పలేదు. మా ఆవిడకే పెళ్ళైన ఎన్నో ఏళ్ళకు చెప్పాను." చేతులు రెండూ మోకాళ్ళ మధ్య పెట్టుకుని మాట్లాడుతున్నాడు. "ఆ రాత్రేనని మీ కోడలితో చెప్పించండి పిన్నిగారూ. మీకు దణ్ణం పెడతాను. అమ్మ తట్టుకోలేదు."

"తిథి మాటేమిటి నాయనా?" అన్నాను ఉండబట్టలేక.

"అష్టమికి ఇంట్లో పెడతాను, అమ్మ కోసం. దశమి నాడు తెల్లారకుండానే సెంబవాంగ్ సముద్రపు ఒడ్డుకు పోయి నువ్వులూ నీళ్ళూ వదిలి వస్తాను. అది నాన్న కోసం. సింగపూర్ వచ్చిన ఏడాది నుంచీ అంతే. అమ్మకు తెలీదు."

నేను లేచి అతని తల మీద చెయ్యి పెట్టాను. అంత పెద్దమనిషి, చిన్నపిల్లాడిలా తల వంచుకున్నాడు. పోయినవాడికి నీళ్ళు అందుతున్నాయి. ఇక అబద్ధమాడినా పాపం లేదనుకున్నాను. గీతాంజలికి గట్టిగా చెప్పాను: ఒక్క ముక్క చెప్పు, ఆ రాత్రేనని, ఆ పైన నోరు మెదపకు.

సప్తమి నాడు యూ టీ వెళ్ళాం. దారిపొడుగునా ట్రైన్‌లో గీతాంజలి పెదవులు కదుపుతూనే ఉంది, పరీక్షకు వెళ్ళే పిల్లలాగ.

ఈశ్వరరావు మర్నాటి తద్దినానికి కూరలూ అరిటాకులూ తేవడానికి లిటిల్ ఇండియా వెళ్ళాడు. కోడలు ఆఫీసులో ఉంది. మంగతాయారు ఒక్కతే హాల్లో చాప మీద కూచుని, పళ్ళెంలో నల్లనువ్వులు పోసుకుని మట్టిబెడ్డలు ఏరుతోంది. మమ్మల్ని చూసి లేవబోతే వద్దని నేనూ చాప మీదే కూచున్నాను. గోడ మీద సీతారామారావు ఫొటో ఉంది. నల్లగా వంకీల జుట్టు, ఇప్పటి కొడుకు కన్నా చిన్నవాడు.

"చెప్పమ్మా" అందావిడ ఏరడం ఆపకుండా.

"ఆ రాత్రేనండి ఆంటీ" అంది గీతాంజలి. "మొత్తం విన్నాను. పట్టుకుపోయిన రాత్రే. ఆయనకి నొప్పి కూడా తెలీలేదట. అమావాస్య నేను కల్పించిందే."

మంగతాయారు వేళ్ళు ఆగాయి.

"కథ చెప్పినప్పుడు నీ గొంతు ఇలా లేదే. అమావాస్య అన్నప్పుడు ఎంత ధీమాగా అన్నావని!" అంది. కోపంగా అనలేదు. పళ్ళెం పక్కకు జరిపింది. "ఇటు చూడు. మావాడి బట్టలు మెషిన్లో వేసేది నేనే. ఏటా తద్దినమైన రెండో రోజు వాడి ప్యాంటు మడతలో ఇసకా నల్లనువ్వులూ ఉంటాయి. ఒకసారి జేబులో దర్భ దొరికింది. ఇంట్లో తద్దినం పెట్టుకున్నవాడు మళ్ళీ దశమి నాడు ఎవరికి నీళ్ళు వదులుతున్నాడు? వాడికి ఇంకెవరున్నారు? నేనేమైనా చిన్నపిల్లనా? అడగలేదు. అడిగితే వాడు చెప్పాలి. వాడి నోటితో ఆ మాట చెప్పించలేక ఊరుకున్నాను."

గీతాంజలి నా వైపు చూసింది. నోరు మెదపకు అన్నది నేనే. నేను ఆవిడ కళ్ళలోకి చూడలేకపోయాను. చూడకుండా ఉండలేకపోయాను కూడా.

"వదినగారూ, దశమేనా?" అని నన్నే అడిగింది.

"దశమే వదినగారూ" అన్నాను.

ఆవిడ చెయ్యి చాచి గీతాంజలి మణికట్టు పట్టుకుంది. "రెండు రోజులే కదా? వారం కాదు కదా?"

"కాదు ఆంటీ. రెండు రోజులే" అంది గీతాంజలి వెక్కుతూ.

"నిజం చెప్పు. అమావాస్య దాకా లేరు కదా?"

"లేరు ఆంటీ. నిజం. తన్మయి మీద ఒట్టు."

మంగతాయారు గుండెల నిండా గాలి పీల్చి వదిలింది. "రెండు రోజులని ఎప్పుడో సరిపెట్టుకున్నాను తల్లీ. ఏళ్ళకేళ్ళు పట్టింది సరిపెట్టుకోడానికి. నీ కథ విన్నాక అది వారమైపోయింది. అన్నం ముందు కూచుంటే ఏకాదశికి బతికే ఉన్నారా, ద్వాదశికి ఎవరైనా గుక్కెడు నీళ్ళిచ్చారా అని... ముద్ద దిగలేదు. రెండు రోజులే. బతికించావు" అని ఆ పిల్ల చేతిని కళ్ళకద్దుకుంది.

భర్త రెండు రోజులే నలిగాడని తెలిసి ఒక ఆడది ఊరట పడడం నేను ఆవేళ చూశాను. మళ్ళీ చూడకూడదని దేవుణ్ణి కోరుకుంటున్నాను. గీతాంజలి చెయ్యి విడిపించుకోలేదు. ఏడుస్తూ అలాగే కూచుంది.

తాళం తిరిగిన చప్పుడైంది. ఈశ్వరరావు రెండు చేతులా సంచులతో లోపలికొచ్చాడు. చంకలో అరిటాకుల కట్ట. మా ముఖాలు చూసి గుమ్మంలోనే ఆగిపోయాడు.

"ఒరే ఈశ్వరం, దశమి నాడు ఎన్నింటికి బయల్దేరతావు?" అంది తల్లి.

"ఎక్కడికమ్మా?"

"మీ నాన్న దగ్గరికి."

అతను మా వైపు చూశాడు. నేను తల దించుకున్నాను. సంచులు అక్కడే కింద పెట్టాడు. ఒక సంచి ఒరిగి అరటికాయలు జారి నేల మీద పడ్డాయి. ఎవరమూ తియ్యలేదు.

"తెల్లారగట్ల వెళ్తానమ్మా. నువ్వు నిద్రలో ఉండగా."

"ఈసారి నేనూ వస్తాను" అంది మంగతాయారు. "నిద్రెక్కడిదిరా నాకా రోజు? ప్రతిసారీ మెలకువగానే ఉన్నాను. నువ్వు తలుపు చప్పుడు కాకుండా వేసుకుని వెళ్ళేదాకా కళ్ళు మూసుకుని పడుకునేదాన్ని."